ఏం వెతుకుతున్నామంటే

అల్ వుకైర్, దోహా
అక్టోబర్ 11, 2024

మాలతి వదినకి,

రాళ్ల పెట్టె కొరియర్ వాళ్లకి అప్పగించి ఇప్పుడే ఇల్లు చేరాను. వచ్చే వారానికల్లా హైదరాబాద్‌లో నీ లాబ్ గుమ్మంలో ఉంటుంది. నువ్వే సంతకం పెట్టి తీసుకో, ఇంకొకరి చేతికి వదలకు. ఇదంతా ఫోన్లో చెప్పొచ్చు కదా అంటావు. ఫోన్లో నువ్వు నన్ను మాట్లాడనిస్తే కదా! తిరుపతి హాస్టల్ వదిలాక మొదలైన ఉత్తరాల అలవాటు మనది. కాగితం పోయి ఈమెయిల్ వచ్చినా నేను మానలేదు, మేనమామ కూతురివి కాబట్టి నువ్వూ మానడానికి లేదు.

బోరు వేసి కడ్డీల్లా తీసిన ఈ రాళ్లు ఎక్కడివో చెబుతాను. మదీనత్ అల్ షమాల్ దాటాక రోడ్డు వదిలేసి తీరం వైపు తిరిగితే అంతా ఉప్పు నేల. ఇక్కడివాళ్లు సబ్ఖా అంటారు. సముద్రపు పోటు వచ్చి పోయే చోట నేలమీద నల్లటి తోలులాంటి పొర పరుచుకుని ఉంటుంది. తొక్కితే మెత్తగా ఉంటుంది, వాసన మాత్రం మురిగిన కోడిగుడ్డే. ఆ పొరంతా కంటికి కనిపించని జీవులు. అవి చచ్చి, ఉప్పూ సున్నమూ కప్పుకుని, కిందికి పోయేకొద్దీ రాయి అవుతున్నాయి. మనం ఎమ్మెస్సీలో వేంపల్లె గుట్టల్లో చూసిన ఉల్లిపొరల రాళ్లు గుర్తున్నాయా? దాదాపు రెండు వందల కోట్ల ఏళ్ల కిందట అవీ ఇలాగే పుట్టి ఉంటాయి. ఆ రాయి పుట్టడం నా కళ్ల ముందే జరుగుతోంది వదినా. నాకు ఒక్కోసారి ఒళ్లు జలదరిస్తుంది.

ప్రాణం పోయాక దాని కొవ్వు ఆనవాలు ఈ ఎండలో, ఈ ఉప్పులో వేల ఏళ్లు నిలుస్తుందా? నిలిస్తే, ఎప్పుడో ఎండిపోయిన అంగారకుడి సరస్సుల రాళ్లలోనూ అలాంటిది వెతకొచ్చు. ఆ రాళ్లు భూమికి వస్తే ఎలా పరీక్షించాలో తేల్చే విదేశీ బృందం ఒకటి ఫిబ్రవరిలో దోహా వస్తోంది. ఇక్కడి నుంచి ఒకరిని తమలో చేర్చుకుంటారట. మా ప్రాజెక్టు పెద్ద ఫహద్ నా పేరు చెప్పాడు. చూపించడానికి ఒక్క గట్టి ఫలితం కావాలి. అది లేకపోతే జూన్‌తో నా కాంట్రాక్టూ అయిపోతుంది. నిరంజన్ ఉద్యోగం పోయాక ముగ్గురమూ నా వీసా మీదే ఉన్నాం. అమ్ము చదువు మధ్యలో ఉంది. భయంగా ఉంది వదినా, నీకు కాక ఎవరికి చెప్పను?

శుభ్రం గురించి నాకు పాఠం చెప్పకు. మొదటి రోజే డ్రిల్లింగ్ వాళ్లను నిలబెట్టి చెప్పేశాను, పైపులకి గ్రీజు వాడకూడదు, గ్లౌజులు లేకుండా ఏదీ ముట్టుకోకూడదు అని. గ్రీజు చుక్క కనిపించినా మీ కంపెనీకి రాస్తానని బెదిరించాను కూడా. బోరు తిప్పేది జలంధర్, మన తెలుగువాడే, మెట్‌పల్లి దగ్గరి ఊరు. "మాఫీ ముష్కిల్ మేడమ్, గ్రీజ్ డబ్బా క్యాంప్‌లనే ఇడిశిపెట్టి వస్తం" అన్నాడు. మాఫీ ముష్కిల్ అంటే ఇక్కడి మాటలో ఇబ్బందేం లేదని. అన్నట్టే చేశాడు. ఇంత మాట వినే మనిషిని నేను ఏ సైట్లోనూ చూడలేదు.

నీ మరదలు
సునంద


హబ్సిగూడ, హైదరాబాద్
నవంబర్ 9, 2024

సునందా,

నీ రాళ్లు చేరాయి. పొడి చేశాను, కడిగాను, యంత్రానికి తినిపించాను. ఒక శుభవార్త, ఒక తలనొప్పి. రెండూ ఒకటే.

యంత్రం గీసిన గీతమీద లారిక్ ఆమ్లం దగ్గర ఇంత ఎత్తు శిఖరం లేచి కూర్చుంది. అది కొవ్వు తల్లీ, ప్రాణి ఒంట్లోంచి వచ్చే కొవ్వు. నువ్వు పంపిన కడ్డీల్లో నేను చూసిన ప్రతిదాంట్లోనూ ఉంది. చూడగానే ఎగిరి గంతేయాల్సిందాన్ని, తలపట్టుకుని కూర్చున్నాను. ఎందుకంటే లారిక్ ఆమ్లం అంటే మన ఇళ్లలో కొబ్బరినూనె. నా జడ సంగతి నీకు తెలియనిదా? హాస్టల్లో నీ దిండు పక్కన నా దిండు పెట్టనిచ్చేదానివి కాదు.

అందుకని మొదటి ముద్దాయిని నేనే. తలకి నూనె మానేశాను. కుంకుడుకాయతో రుద్ది రుద్ది కడిగి, ఆపైన టోపీ పెట్టుకుని మళ్లీ మొదటినుంచీ చేశాను. లాబ్‌లో నాతో పనిచేసే పుష్పనీ నూనె మానమన్నాను. "మేడమ్, మా ఇంట్లో పెళ్లి ఉంది, నా జుట్టు చూశారా" అని ఆ అమ్మాయి ఏడుపొక్కటే తక్కువ. మా ఇద్దరి తలలూ ఇప్పుడు పీచుచీపుళ్లు. మీ అన్నయ్య అయితే నన్ను చూసి ఎవరో అనుకుని గేటు దగ్గరే ఆగిపోయాడు.

ఇంత చేసినా శిఖరం అలాగే ఉంది. కాబట్టి అది మా తలల్లోది కాదు. రాళ్లతో పాటు వచ్చిందే. ఇంతవరకు చెప్పగలను. ఇంకా ఎవరికీ చెప్పకు, నన్ను కాస్త ఆలోచించుకోనీ.

మాలతి


అల్ వుకైర్, దోహా
నవంబర్ 14, 2024

నా బంగారు వదినా,

చెప్పకు అన్నావు. చెప్పేశాను!

ఏం చేయను, నీ ఉత్తరం చదువుతుంటే ఫహద్ ఎదురుగా కూర్చుని ఉన్నాడు. నా ముఖం చూసి "ఏమిటి?" అన్నాడు. చూపించాను. ఆ మనిషి ఎప్పుడూ గట్టిగా నవ్వడు, కుర్చీలోంచి లేచి నవ్వాడు. తన తాతలు ముత్యాల కోసం మునిగిన తీరంలో ఇంత పెద్ద సంగతి దాగి ఉందని వాళ్ల నాన్నకి ఫోన్ చేసి చెప్పాడు. ఫిబ్రవరి సమావేశంలో మొదటి ప్రసంగం నాదే. సారాంశం పంపించేశాం. నీ పేరు నా పేరు పక్కనే ఉంది.

ఇంట్లో నిరంజన్ పాయసం చేశాడు, ముద్దయిపోయింది, అయినా ముగ్గురం గిన్నె ఖాళీ చేశాం. అమ్ము తన స్నేహితురాలు లుబ్నాతో "మా అమ్మ అంగారకుడికి వెళ్తోంది" అని చెప్పుకుందట. ఎన్నాళ్లకి ఈ ఇంట్లో నవ్వు వినిపించిందో నీకు తెలియదు.

కొబ్బరినూనె అని జడవకు. ఇక్కడ కొబ్బరిచెట్టు ఎక్కడుంది, ఉన్నవన్నీ ఖర్జూరాలే. ఈ ఉప్పులో బతికే ఏదో మొండి జీవి ఆ కొవ్వు తయారుచేసుకుంటోంది. ఎందుకు తయారుచేసుకోకూడదు చెప్పు?

నీ సునంద


హబ్సిగూడ, హైదరాబాద్
డిసెంబర్ 6, 2024

సునందా,

నీ సంతోషం చదివి మూడు వారాలు నోరు మూసుకున్నాను. ఇక మూసుకోలేను.

ఎందుకు తయారుచేసుకోకూడదు అని అడిగావు. చేసుకోవచ్చు. కానీ లారిక్ ఒక్కటే కాదు, దానికి అటూ ఇటూ ఇంకో నాలుగైదు కొవ్వులున్నాయి. ఏది ఎంత ఉందో వాటి వరస చూస్తే నాకు నిద్ర పట్టలేదు. నిన్న మా వంటింట్లో కొబ్బరినూనె సీసా లాబ్‌కి తెచ్చి, ఒక చుక్క అదే యంత్రంలో పెట్టాను. ఆ గీత, నీ రాతి గీత రెండూ ఒకదానిమీద ఒకటి పెట్టి కిటికీ వెలుతురులో పట్టుకున్నాను. ఒకటే గీత సునందా. నా సీసా, నీ వేల ఏళ్ల ఉప్పు నేల, తేడా లేదు.

ఇంకొకటి. ప్రతి కడ్డీకీ చివర్లలోనే ఎక్కువ, నడుమ తక్కువ. పైపులు ఒకదానికొకటి బిగించే చోట ఎక్కువన్నమాట. ఏ జీవీ పైపుల కొలత చూసుకుని బతకదు.

మీ సైట్లో ఎవరో నూనె రాస్తున్నారు. గ్రీజు వద్దన్నావు సరే, దాని బదులు ఏం వాడుతున్నారు? జలంధర్‌ని అడుగు. అడిగి నాకు రాయి.

మాలతి


దోహా
డిసెంబర్ 20, 2024

మాలతికి,

నీ ఉత్తరం అందింది. సైట్లో కనుక్కున్నాను. బయటి పదార్థమేదీ వాడినట్టు తేలలేదు. నీ అనుమానానికి ఆధారం ఉంది కానీ అదే చివరి మాట కాదు. వేరే వివరణలు ఉండవచ్చు.

ఇక్కడ చలి మొదలైంది. అమ్ముకి పరీక్షలు. నేను ప్రసంగం తయారీలో ఉన్నాను, కాబట్టి మిగిలిన కడ్డీల పని ప్రస్తుతానికి ఆపు. ఫిబ్రవరి తర్వాత చూద్దాం.

సునంద


హబ్సిగూడ, హైదరాబాద్
డిసెంబర్ 23, 2024

సునందా,

ఇరవై ఏళ్లలో నువ్వు నాకు "మాలతికి" అని రాయడం ఇదే మొదలు. వదిన ఏమైపోయింది? ఉత్తరం పైన అల్ వుకైర్ కూడా లేదు. ఆఫీసు కాగితంలా ఉంది.

"తేలలేదు" అట! నువ్వు కూరగాయల కొట్టుకి వెళ్లొస్తే కొట్టువాడు ఏమన్నాడో, పక్కన నిలబడ్డావిడ ఏమందో గొంతులతో సహా రాసేదానివి. జలంధర్ ఏమన్నాడో మాత్రం ఒక్క ముక్క రాయలేదు. అడిగావు, అతను ఏదో చెప్పాడు, అది నీకు నచ్చలేదు. అంతేనా?

నాకు కోపం వస్తోంది. నీ ఇంట్లో పాయసం వండుకున్నారని తెలుసు, నీ వీసా తెలుసు, జూన్ తెలుసు. అవన్నీ తెలిసే అంటున్నాను, ఆ సారాంశంలోంచి నా పేరు తీసెయ్. లేదా నిజం రాయి. రెండింట్లో ఒకటి చేసేదాకా నేను నీకు రాయను.

మాలతి


అల్ వుకైర్, దోహా
జనవరి 3, 2025

వదినా,

రాస్తున్నాను. తిట్టుకుంటూ చదువు, కానీ చివరిదాకా చదువు.

జలంధర్‌ని అడగమన్న నీ ఉత్తరం వచ్చిన మర్నాడే సైట్‌కి వెళ్లాను. జలంధర్ పైపులు విప్పుతున్నాడు. మామూలుగా అడిగినట్టే, "జలంధర్, గ్రీజు లేకుండా మరలు ఎలా తిరుగుతున్నాయి?" అన్నాను. ముఖం వెలిగిపోయింది వదినా. ఎవరూ అడగని సంగతి నేను అడిగానని.

"గ్రీజు పెట్టొద్దంటిరి గద మేడమ్. ఉత్తగనే తిప్పితే ఉప్పుకు మరలు పట్టుకపోతయ్, పైపు మల్ల ఊడిరాదు. అందుకే నా తలకు పెట్టుకునే నూనె జర్రంత రాస్తున్న. కొబ్బరినూనె, ప్యూర్‌ది. దోహా జదీదాల మలయాళీ దుకాన్ల కొంట. గ్రీజు లెక్క గలీజు కాదు గద" అని వ్యాన్‌లోంచి నీలం సీసా తెచ్చి చూపించాడు. నా ముఖం చూసి అతని నవ్వు తగ్గిపోయింది. "ఏమన్న తప్పయిందా మేడమ్?" అన్నాడు. ఏం కాలేదన్నాను. కారెక్కి షమాల్ దాకా వచ్చి, పెట్రోల్ బంకు పక్కన ఆపి ఏడ్చాను.

ఎందుకు దాచానో చెబుతాను. వాళ్ల కంపెనీ నియమం ఒకటి ఉంది, అనుమతి లేని పదార్థం ఏదైనా పైపులకి తగిలితే తిప్పినవాడి ఉద్యోగం పోతుంది. జలంధర్ హెల్పర్‌గా వచ్చి ఏళ్ల తరబడి మట్టి మోసి, పోయినేడే ఆపరేటర్ అయ్యాడు. ఊళ్లో తల్లి ఒక్కతే ఉంది, పోచవ్వ అని. నేను నోరు తెరిస్తే అతని అన్నం పోతుంది. తెరవకపోతే ఒక తప్పు గీత ప్రపంచంలో తిరుగుతుంది. ఒక గీత కోసం ఒక మనిషిని పంపించెయ్యనా? నువ్వయితే ఏం చేస్తావు?

సునంద


హబ్సిగూడ, హైదరాబాద్
జనవరి 5, 2025

సునందా,

రాశావు. కాస్త ఊపిరి పీల్చుకున్నాను.

ఇప్పుడొక మాట అడుగుతాను, కోపం తెచ్చుకో, పర్లేదు. నువ్వు జలంధర్‌ని కాపాడుతున్నావా, జలంధర్ వెనక దాక్కుంటున్నావా? అతని మీద అంత జాలి ఉంటే నూనె సంగతి తెలిసిన మర్నాడే, "తప్పు నాది, మరలకి గ్రీజు బదులు ఏం వాడాలో నేను చెప్పలేదు" అని ఫహద్‌కి రాసి ఉండేదానివి. గ్రీజు వద్దన్నావు. ఉప్పులో మరలు పట్టేస్తాయని నీకు తెలియదా? తెలుసు. అది ఎవరో ఒకరు చూసుకుంటారని వదిలేశావు. చూసుకున్నాడు పాపం.

మనం ప్రాణం ఆనవాలు వెతికాం, దొరికింది. కాకపోతే అది మెట్‌పల్లి ప్రాణం. నవ్వు రావడం లేదు నాకు.

నీ ఫలితం అబద్ధమని ఎప్పటికైనా ఎవరో ఒకరు పట్టుకుంటారు. నేను వంటింటి సీసాతో పట్టుకున్నాను. అప్పుడు నీ ఉద్యోగమూ పోతుంది, అతనిదీ పోతుంది, ఫహద్ తల దించుకోవాలి. ఇప్పుడే చెప్పు. చెప్పేటప్పుడు ఆజ్ఞ నాది అని ముందు చెప్పు, నూనె సంగతి తర్వాత చెప్పు.

ఇంకొకటి. నూనె రాయని కడ్డీ ఒక్కటైనా ఉందా? అతను సెలవు పెట్టిన రోజుగానీ, నూనె అయిపోయిన రోజుగానీ ఉందేమో వెతుకు.

నా జుట్టు ఇంకా కుదురుకోలేదు. నూనె సీసా చూస్తేనే భయం వేస్తోంది.

మాలతి


అల్ వుకైర్, దోహా
ఫిబ్రవరి 21, 2025

వదినా,

చెప్పాను. అంతా అయిపోయింది. వరసగా రాస్తాను.

ఫహద్ దగ్గరికి వెళ్లి నువ్వు చెప్పినట్టే, ఆజ్ఞ నాది, బదులేం వాడాలో చెప్పని తప్పు నాది అని మొదలుపెట్టాను. అంతా విన్నాడు. "నువ్వు ఇప్పుడు చెప్పినందుకు నీ మీద గౌరవం ఉంది. డిసెంబర్లో చెప్పి ఉంటే స్నేహం కూడా మిగిలేది" అన్నాడు. వదినా, ఆ మాట నాకు ఇంకా గుచ్చుకుంటూనే ఉంది. ప్రసంగం రద్దు చేశాడు. ఆ విదేశీ బృందం వచ్చింది, సబ్ఖా చూసింది, నాతో మర్యాదగా కరచాలనం చేసింది, వేరే ఆయన్ని తీసుకుంది.

తర్వాతది రాయడానికి చెయ్యి రావడం లేదు. ఏయే కడ్డీలు చెడ్డాయో తేల్చాలి, తిప్పినతని నోట వినాలన్నాడు ఫహద్. నేనే జలంధర్‌ని పిలిచాను. "ఉన్నదున్నట్టు చెప్పు జలంధర్, నీకేం కాదు, నాది పూచీ" అన్నాను. అతను నన్ను నమ్మాడు. శుభ్రమైన చొక్కా వేసుకుని వచ్చి, సీసా బల్లమీద పెట్టి, ఎప్పుడెప్పుడు ఎక్కడెక్కడ రాశాడో దాచకుండా చెప్పాడు. ఆ గదిలో వాళ్ల కంపెనీ సూపర్‌వైజర్ కూడా ఉంటాడని నాకు తెలియదు. తెలుసుకుని ఉండాల్సింది. అతను అక్కడికక్కడే రాసుకున్నాడు.

ఫహద్ ఆ కంపెనీవాళ్లతో మాట్లాడాడు. నేను దోహా జదీదాలో వాళ్ల ఆఫీసుకి వెళ్లాను, మళ్లీ వెళ్లాను. మొహియుద్దీన్ అని ఒక మేనేజర్, హైదరాబాద్ ఆయనే, చాయ్ తెప్పించి ఇచ్చి మరీ, "మేడమ్, రూల్ అంటే రూల్. మీరు పెద్దమనసుతో మీ మీద వేసుకుంటున్నారు, మాకు తెలుసు" అన్నాడు. నేను నిజం చెబుతుంటే అది వాళ్లకి పెద్దమనసులా వినిపిస్తోంది! నా పూచీ విలువ ఒక చాయ్ అని తేలింది.

జలంధర్ వచ్చే నెల వెళ్లిపోతున్నాడు. క్యాంప్‌కి వెళ్లి కలిశాను. "ఖలాస్ మేడమ్, మీరు రంది పడకుండ్రి" అని నాకే ధైర్యం చెప్పాడు. నీ లాబ్ చిరునామా ఇచ్చాను, హైదరాబాద్‌లో దిగాక ఏదైనా అవసరమైతే నిన్ను కలవమన్నాను. నాకింకేమీ తోచలేదు.

నూనె లేని కడ్డీ ఒకటుంది. జలంధర్‌కి జ్వరమొచ్చినప్పుడు బీహార్ నితీష్ తిప్పాడు. ఏమీ రాయలేదు, పైపు పట్టేసింది, కోసి తీయాల్సి వచ్చింది. పగిలిన కడ్డీ అని నేను దాన్ని పక్కన పారేశాను. ఇప్పుడు అదొక్కటే శుభ్రమైనది. పంపుతున్నాను.

సునంద


హబ్సిగూడ, హైదరాబాద్
మార్చి 15, 2025

సునందా,

ముందు రాయి సంగతి. నితీష్ కడ్డీ చూశాను, తిప్పి తిప్పి చూశాను. లారిక్ లేదు. గీత దాదాపు చదును. కుడిచివర ఒకచోట చిన్న గరుకు ఉంది. అది పాత ప్రాణం ఆనవాలో, మా యంత్రం ఆయాసమో నేను చెప్పలేను. చెప్పమని అడగకు. ఇంకా ఇలాంటి శుభ్రమైన కడ్డీలు చాలా కావాలి. అవి తీయడానికి నువ్వక్కడ ఉంటావో ఉండవో నాకు తెలియదు. ఇంత పనికీ మిగిలింది ఆ గరుకు ఒక్కటే, అదీ ఎటూ తేలనిది.

ఇప్పుడు మనిషి సంగతి. మొన్న మధ్యాహ్నం గేటు దగ్గర ఎవరో వచ్చారంటే వెళ్లాను. పెద్ద సూట్‌కేసు, చేతిలో నీ రాతతో చిరునామా కాగితం. నేనెవరో చెప్పకముందే, "మీరు సునంద మేడమ్ వదిననా?" అన్నాడు. లోపల కూర్చోబెట్టాను, భోజనం పెట్టించాను. తల్లికి ఫోన్ చేస్తే ఆమె గొంతు నాక్కూడా వినిపించింది, "దుబాయ్‌ల రాళ్లు తవ్వుడు ఒడిసిందా కొడుకా, ఇగ పోవా?" అని అడుగుతోంది. ఆమెకి గల్ఫ్ అంతా దుబాయే. ఒడిసిందవ్వా అన్నాడు.

అడగాలా వద్దా అని చాలాసేపు తటపటాయించి, చివరికి అడిగాడు. అతని మాటలు అలాగే రాస్తున్నాను.

"మేడమ్, గా రాళ్లల్ల ఏం దేవులాడిండ్రు? నితీష్ బంగారమన్నడు. నేను పెట్రోల్ కావచ్చన్న. మమ్ముల నిలవెట్టి అది చెయ్యకుండ్రి ఇది చెయ్యకుండ్రి అన్నరు గని, దేనికొరకో ఎవ్వలు చెప్పలె. గా నూనె పడదని, గందుకొరకని ఒక్క మాట ముందుగాల చెప్తే నేనెందుకు రాస్త మేడమ్?"

నేనేం చెప్పను సునందా? నువ్వు ఆ బృందానికి చెప్పావు, ఫహద్ వాళ్ల నాన్నకి చెప్పించావు, అమ్ము స్నేహితురాలికి కూడా తెలుసు అంగారకుడి సంగతి. నేల తవ్వినతనికి తెలియదు. నాకు మాత్రం ఎప్పుడైనా తట్టిందా? ఇంత పెద్ద నోరున్నదాన్ని, అతనికి ఏం చెప్పావని నిన్ను ఒక్కసారి అడగలేదు. నేనే చెప్పేద్దామనుకుని నోరు తెరిచి, మళ్లీ మూసుకున్నాను. అది నువ్వు చెప్పాలి. తెలుగు బాగా చదువుతాడు, వాళ్ల ఊరి చిరునామా కింద రాస్తున్నాను. ఈమెయిల్ కాదు, కాగితం మీద రాయి.

ఇంకొకటి రాయకుండా ఉండలేకపోతున్నాను. జుట్టు ఎండిపోయి, చెదిరిపోయి ఉంది. ప్రయాణం అలసట అనుకున్నాను. పుష్ప మాటల్లో పెట్టి అడిగితే చెప్పాడట, ఆ గదిలో సీసా బల్లమీద పెట్టిన రోజు నుంచి తలకి నూనె పెట్టుకోవడం మానేశాడట.

మాలతి


అల్ వుకైర్, దోహా
ఏప్రిల్ 4, 2025

జలంధర్ గారికి,

నమస్తే. నేను, సునందని, రాస్తున్నాను. మీరు ఇల్లు చేరారని, పోచవ్వ గారు కులాసాగా ఉన్నారని మాలతి వదిన చెప్పింది.

ఆ రాళ్లలో ఏం వెతికామని మీరు వదినని అడిగారట. అది మొదటి రోజు, గ్రీజు వద్దని చెప్పినప్పుడే, ఆ ఉప్పు నేలమీద నిలబడి నేను మీకు చెప్పాల్సింది. ఇప్పుడు చెబుతున్నాను.

ఏం వెతుకుతున్నామంటే, ఎప్పుడో చచ్చిపోయిన ప్రాణం ఆనవాలు. సైట్లో నల్లటి తోలులాంటి పొర ఉండేది కదా, ఆ వాసన పడక మీరు ముక్కుకి గుడ్డ కట్టుకునేవారు. ఆ పొర బతికి ఉంది. కంటికి కనిపించనంత చిన్న జీవులు కోట్లకొద్దీ కలిసి అలా పరుచుకుంటాయి. అవి చచ్చి, ఉప్పు కప్పుకుని, కింద రాయిగా మారతాయి. రాయి అయ్యాక కూడా వాటి కొవ్వు పిసరంత మిగులుతుందేమోనని మా ఆశ. ఆకాశంలో ఎర్రగా కనిపించే అంగారకుడి మీద కూడా ఒకప్పుడు నీళ్లుండేవి, ఎండిపోయాయి. అక్కడ ఏదైనా బతికిందా అన్నది ఎవరికీ తెలియదు. ఇక్కడి రాతిలో కొవ్వు నిలుస్తుందని తేలితే అక్కడి రాతిలోనూ వెతకొచ్చు. మేం వెతికేది కొవ్వు కాబట్టే ఏ నూనే తగలకూడదు, ఎంత మంచి నూనె అయినా సరే. సంగతి ఇంతే. ఇది చెప్పడానికి ఒక కడక్ చాయ్ తాగినంత సేపు పట్టేది. మనం కలిసి పనిచేసిన అన్ని రోజుల్లో ఆ కాస్త సేపు నేను మీకు ఇవ్వలేదు.

మీరు తప్పు చేయలేదు. ఏం వెతుకుతున్నామో చెప్పకుండా మీ చేత తవ్వించింది నేను. ఈ మాటే మీ కంపెనీకి, ఫహద్ గారికి, వచ్చిన ఆ బృందానికి కూడా రాశాను. దాంతో మీ ఉద్యోగం తిరిగి రాలేదు. నాది పూచీ అని పిలిచాను, నన్ను నమ్మి వచ్చారు, నిలబెట్టుకోలేకపోయాను. క్షమించమని అడగడానికి నాకు ముఖం లేదు. అయినా అడుగుతున్నాను.

నా పని కూడా జూన్‌తో అయిపోతుంది, పొడిగించలేదు. జూలైలో ముగ్గురం హైదరాబాద్ వచ్చేస్తున్నాం. మీరు రమ్మంటే మెట్‌పల్లి బస్సెక్కి మీ ఊరు వస్తాను. మా కడప వైపు వేంపల్లె దగ్గర దొరికిన రాయి ఒకటి చదువుకునే రోజుల నుంచీ నా బల్లమీదే ఉంది. ఆ నల్ల పొరలాంటిదే ఎన్నో కోట్ల ఏళ్ల కిందట చచ్చి అలా రాయి అయింది, పొరలు ఇప్పటికీ లెక్కపెట్టొచ్చు. దాన్ని తెస్తాను. మీరు చేత్తో పట్టుకుని చూడండి, ఏం కావాలంటే అది అడగండి, నాకు తెలిసినంతా చెబుతాను.

గ్లౌజులు అక్కర్లేదు. తలకి నూనె మాత్రం మానకండి.

సునంద